బట్టమేక గుడ్డు

గొర్రెల మందకు ఎదురుగా ఒక ముసలామె చేతులు బార్లా చాపి నిలబడింది.

"పక్కకు జరుగవ్వా. తొక్కేస్తాయి," అన్నాడు తిప్పన్న.

"ఈ మూలకు తోలొద్దు తిప్పన్నా. గడ్డిలో బట్టమేక పిట్ట గుడ్డు పెట్టింది."

ఆమెను తిప్పన్న ఎరుగును. అనంతపురం నుంచి బస్సులో గార్లదిన్నెకు వచ్చి, అక్కణ్ణుంచి నడుచుకుంటూ ఈ బీడుకు చేరేది. మెడలో దుర్భిణి, చంకలో నోటుపుస్తకం, వెలిసిపోయిన నూలుచీర. ఊళ్లో అందరూ పిట్టల అవ్వ అనేవాళ్లు. అసలు పేరు ఎవరూ అడగలేదు.

"ఎన్ని గుడ్లుండాయి?"

"ఒక్కటే. ఏడాదికి ఒక్కటే పెడుతుంది. ఈ బీడులో దీన్ని చూడడానికి నాకు నలభై ఏళ్లు పట్టింది."

"ఒక గుడ్డు కోసం నూరు గొర్రెలు పస్తుండల్లనా?"

రెండేళ్లుగా వానల్లేవు. బీడంతా ఎండిపోయి, ఆ మూలన మాత్రమే కాస్త గడ్డి మిగిలింది.

"పిల్ల బయటికొచ్చేదాకా ఆగు. ఇరవై రోజులు," అని బతిమాలిందామె.

"నీకు పిట్టల మీదుండే పాశం మనుషుల మీద లేదవ్వా."

ఆమె చాపిన చేతులు దించలేదు.

తిప్పన్న గొణుక్కుంటూనే మందను మళ్లించాడు.

వారం రోజులు ఆమె పొద్దున్నే వచ్చి, పొద్దుగూకేదాకా దూరంగా కూర్చుని గుడ్డుకు కాపలా కాసింది.

ఎనిమిదో రోజు రాలేదు. తొమ్మిదో రోజూ రాలేదు.

ఆ రోజే తిప్పన్న గొర్రెపిల్లలు రెండు చనిపోయాయి. తల్లుల పొదుగుల్లో పాలు లేవు. అతను ఇంకేమీ ఆలోచించకుండా మందను ఆ మూలకు తోలాడు.

మర్నాడు ఆమె వచ్చింది. జ్వరంతో మొహం పీక్కుపోయి ఉంది. గడ్డి లేదు. నేలమీద పెంకులు మాత్రం ఉన్నాయి.

తిప్పన్న తప్పించుకోలేదు.

"నేనే తోలినా," అన్నాడు.

ఆమె వంగి ఒక పెంకును చేతిలోకి తీసుకుంది.

"గొర్రెలు కడుపునిండా మేశాయా?"

"మేసినాయి."

"మంచిదయ్యా."

పుస్తకంలో ఏదో రాసుకుని, మెల్లగా బస్సు దారి పట్టింది. మళ్లీ రాలేదు.

రెండు నెలలు గడిచాయి. ఒక ఉదయం బీడు చుట్టూ కంచెకు రాళ్లు పాతుతున్నారని తెలిసి తిప్పన్న పరుగెత్తాడు.

"ఏమప్పా, ఇది దిక్కులేని బీడు. మా నాయన కాలం నుంచీ ఈడనే మేపుకుంటాండాం."

కొలతలు వేయిస్తున్న సర్వేయర్ ఓబిలేష్ తలెత్తాడు.

"దిక్కులేంది కాదన్నా. సొంతదారు ఉన్నింది. పోయిన నెల జ్వరంతో చనిపోయింది. వారసులు సోలార్ కంపెనీకి అమ్మినారు."

"ఎవురామె?"

"సంస్థానం రాజుగారి కూతురంట. పెండ్లి చేసుకోలా. చిన్నప్పటి నుంచి పిట్టలే లోకం. ఆ చదువుకే కోటలో భాగం అమ్మేసింది, నగలు అమ్మేసింది. ఆఖరికి అనంతపురంలో ఒక అద్దెగదిలో ఒంటరిగా పోయింది."

తిప్పన్న గుడ్డున్న మూల వైపు తిరిగాడు.

"ఇంత నేల పెట్టుకోని అద్దెగదిలోనా? దీన్ని గూడా అమ్ముకోని ఉంటే..."

"శానామంది అడిగినారంట. అందరికీ ఒకటే మాట చెప్పేదంట," అన్నాడు ఓబిలేష్, టేపు చుట్టుకుంటూ. "ఈడ ఎవురో తిప్పన్నంట, ఇది అమ్మితే ఆయన గొర్రెలు యాడ మేస్తాయి అనేదంట."