జాబితాలో లేని బావి

“ఇచ్చేశారు! మన ఇల్లు మనకి ఇచ్చేశారు!”

కాగితం ఊపుకుంటూ నెజాద్ మూడంతస్తులూ ఒక్క పరుగున ఎక్కాడు.

పెళ్ళయి పదకొండు రోజులైంది. అద్దె గదిలో ఒక ఇనప మంచం, రెండు కాఫీ గిన్నెలు, కిటికీకి కర్టెన్ బదులు సెనియా పెళ్ళినాటి తెల్ల శాలువా. దానికే ఇద్దరూ పొంగిపోతున్నారు. పొద్దున కాఫీ పొంగినా నవ్వే, పొంగకపోయినా నవ్వే.

సెనియా కాగితం లాక్కుని రెండుసార్లు చదివింది. సానా నది అవతల, బ్రేజిక్ ఊళ్ళో తను పుట్టిన ఇల్లు. యజమాని: ఆచూకీ లేదు. వారసురాలు: కూతురు. యుద్ధం ముగిసి ఆరేళ్ళు. అందులో నాలుగేళ్ళు ఆ ఫైలు, యుద్ధంలో పోయిన ఇళ్ళు తిరిగిచ్చే ఆఫీసు బీరువాలో నిద్రపోయింది. కిందటి నెల విదేశీ పర్యవేక్షకులు ఒకేరోజు ఇద్దరు అధికారుల్ని ఉద్యోగాల్లోంచి తీసేశాక, దానికి మెలకువ వచ్చింది.

“ఇందులో బావి గురించి లేదేంటి?” అంది.

“మహాతల్లీ! ఇల్లొచ్చిందంటే బావి అంటావేంటి?”

నెజాద్ ఆశ్చర్యపోలేదు. ఆ ఇంటి గురించి ఆమె చెప్పే కథ ఒక్కటే. వేసవిలో నాన్న పుచ్చకాయని బకెట్లో పెట్టి బావిలోకి దింపేవాడు. సాయంత్రానికి పళ్ళు జివ్వుమనేంత చల్లగా పైకొచ్చేది. యుద్ధం మొదలైన వేసవిలో నాన్నని పట్టుకున్నారని, తనకప్పుడు పన్నెండేళ్ళని చెప్పేది. అక్కడితో ఆపేసేది. అతనూ అడగలేదు.

బుధవారం తాళం చెవి ఇచ్చే రోజు. నెజాద్ సంతలో అన్నిటికన్నా పెద్ద పుచ్చకాయ కొని కారు వెనక సీట్లో కూర్చోబెట్టాడు. దానికి బెల్టు కూడా పెట్టాడు.

ఇంటి ముందు పర్యవేక్షకురాలు బిర్గిట్, ఇంట్లో ఏమున్నాయో రాసుకునే జాబితా బిగించిన అట్ట పట్టుకుని నిలబడి ఉంది. డెన్మార్క్ మనిషి. ఇక్కడి భాష నేర్చుకుని ముక్కలు ముక్కలుగా మాట్లాడుతుంది. లోపల ఉంటున్న స్లావొయ్కా మూటలు కట్టేసుకుంది. ఆవిడా యుద్ధంలో ఇంకో ఊరి నుంచి తరిమేస్తే ఇక్కడ చేరిన మనిషే.

ఇంట్లో తలుపుల్లేవు. స్విచ్‌బోర్డులు పీకేసిన చోట గోడకి కన్నాలు. అడుగు తీసి అడుగేస్తే గది గదీ తిరిగి పలుకుతోంది.

“తలుపులు మా ఆయన ఊడదీసుకెళ్ళాడు,” అంది స్లావొయ్కా, నేల చూస్తూ. “అక్కడ నా ఇంటికీ లేవు మరి.”

“పోనీలెండి పిన్నీ,” అన్నాడు నెజాద్. “కొత్త దంపతులం. తలుపులుంటే వేసుకుని కూర్చుంటామని ఊరంతా ఏడిపిస్తారు.”

స్లావొయ్కాకి నవ్వాగలేదు. పొయ్యి మీద కాఫీ పెట్టింది. ఎవరు ఎవరింటికి వచ్చిన చుట్టమో తెలియకుండానే నలుగురూ తాగారు.

బిర్గిట్ జాబితా చదవసాగింది. “తలుపులు. లేవు. కిటికీలు, రెండు. ఫిర్యాదు రాయాలా?”

“వద్దు,” అంది సెనియా. “బావి రాయండి.”

“జాబితాలో బావి గడి లేదు.”

“అంచున రాయండి.”

“బావి ఎక్కడుందమ్మాయ్?” అంది స్లావొయ్కా. “మేం వచ్చేసరికే మట్టి పోసి పూడ్చేసి ఉంది. అదిగో, బంతిపూలు వేశానే, ఆ చోటు. ఎన్నిసార్లు నింపినా కుంగుతుంది. ఏటా ఒక బండెడు మట్టి తోలిస్తాను. మా కుక్క చచ్చేదాకా అటు తొక్కలేదు.”

సెనియా గిన్నె కింద పెట్టింది. వెళ్ళి బంతిపూల పక్కన మోకాళ్ళ మీద కూర్చుంది. చాలాసేపు లేవలేదు. లేచాక బిర్గిట్‌ని పక్కకి పిలిచి చెవిలో ఏదో చెప్పింది. బిర్గిట్ రాస్తున్న పెన్ను ఆగింది. తర్వాత కాగితం అంచున నెమ్మదిగా ఒక్క మాట రాసి, కారు దగ్గరికి వెళ్ళి ఫోన్లు చేసింది. ఒకటి కాదు, నాలుగు.

వెళ్ళేటప్పుడు బిర్గిట్ సెనియా చేతిని రెండు చేతులతో పట్టుకుంది.

‘ఒక్క బావికి ఇంత కథా!’ అనుకున్నాడు నెజాద్. ముచ్చటేసింది.

సాయంత్రం శాంతిసేన జీపు ఒకటి వచ్చి గేటు ముందు ఆగింది. ఇద్దరు సైనికులు దిగారు. తిరిగి వెళ్ళలేదు.

“చూశావా, తలుపుల్లేవని మనకి కాపలా పెట్టారు!” నెజాద్ పుచ్చకాయని చంటిపిల్లలా ఎత్తుకుని మెట్ల మీద ఆమె పక్కన కూర్చున్నాడు. “వీణ్ణేం చేద్దాం? బావి తవ్వించేదాకా ఆగుతాడా?”

“తవ్వేవాళ్ళతో మాట్లాడటం అయిపోయింది. రేపు పొద్దున ఏడింటికి వస్తున్నారు.”

“అప్పుడే! అయితే రేపు సాయంత్రానికి మీ నాన్నలాగే బకెట్లో పెట్టి దింపుతాను. వాళ్ళు బాగా లోతుగా తవ్వుతారా?”

“చాలా మెల్లగా తవ్వుతారు.”

గాలి లేకపోయినా తలుపుల్లేని ఇంట్లోంచి చల్లదనం వీపుకి తగులుతోంది. సెనియా పుచ్చకాయ మీద చెయ్యి వేసింది.

“దీన్ని ఇవాళే కోసెయ్ నెజాద్. చూసింది బయటపెడితే చంపినవాళ్ళు రాత్రికి రాత్రి లారీలో ఇంకెక్కడికో మార్చేస్తారని తొమ్మిదేళ్ళుగా ఎవరికీ చెప్పలేదు, నీక్కూడా. రేపు ఆ బావిలోంచి నాన్నని పైకి తీస్తారు.”