కాలబాటలో ఒక్క గుంట

కాలబాట అనే ప్రాజెక్టు ఈ లోకంలో ఎక్కడా లేదని ఆ ఊళ్లో ఇద్దరికే తెలుసు. ఒకరు ఇంజినీరునని చెప్పుకుంటూ జీపు దిగిన రమ. రెండోవాడు ఆ జీపు నడిపిన సాకిబ్. అతనికి కల్వకుర్తిలో ఫ్లెక్సీలు అచ్చువేసే దుకాణం ఉంది. ఊరి పటం మీద ఎర్రగీత లాగి, దాని పొడుగునా ఎవరికీ అర్థంకాని అంకెలు వేసింది అతనే.

"దొరికితే ఇద్దరం జైల్లనే," అన్నాడు సాకిబ్, మూడుకాళ్ల సర్వే పరికరం దించుతూ.

"పొద్దుగూకేలోపల పనైపోతది. జర ధైర్యం పట్టు," అంది రమ.

పంచాయతీ ఆఫీసు అరుగు మీద పటం పరిచేసరికి జనం మూగారు. రమ గొంతు సవరించుకుంది.

"ఊరికీ ఊరికీ నడుమ రోడ్డేస్తరు గద. గిది ఏడాదికీ ఏడాదికీ నడుమ ఏసే తొవ్వ. ముప్పై అడుగుల లోతు కందకం తవ్వి తీగలు పరుస్తం. అండ్ల నడిస్తే ఎనకటి రోజులు కండ్ల ముందట కనవడ్తయి."

భిక్షం అనే రైతు ముందుకొచ్చాడు. ఏడు బోర్లు వేసి ఏడింట్లోనూ దుమ్మే చూసిన మనిషి.

"మేడమ్, నేను మొదటి బోరేసిన దినానికి పోయి, గా బోరుబండిని వాపస్ పంపియ్యొచ్చా?"

"చూసుడే. మార్చరాదు."

"గట్లయితే నాకెందుకు? ఆ దినం నాకు రోజూ కనవడ్తనే ఉన్నది," అంటూ వెనక్కి తగ్గాడు.

అందరూ నవ్వారు. ఆ నవ్వులో కృష్ణమ్మ అనే ఆమెకూ హుషారొచ్చింది. "మా ఆయన మొదటి పెండ్లాం యాదలక్ష్మి ఎవనెంబడి పోయిందో గది సుత కనవడ్తదా? నాలుగేండ్ల పిల్లను ఇడిసిపెట్టి పోయిందంట."

"పోయిందాని ముచ్చట ఇప్పుడెందుకే?" అని గదిమాడు ఆమె భర్త భీమయ్య. ఇరవై రెండేళ్ల కిందటి మాట అది. ఊరంతా ఎప్పుడో మరిచిపోయింది. పిల్లను అమ్మమ్మ తీసుకుపోయింది, ఏడాది తిరక్కుండా కృష్ణమ్మ కాపురానికొచ్చింది.

భీమయ్య చూపు పటం మీదే ఉంది. ఎర్రగీత తన ఎనిమిదెకరాల మెట్ట చెల్కను నిలువునా చీల్చుకుంటూ పోతోంది. కాలం సంగతి ఆయన నమ్మలేదు. పరిహారం సంగతి మాత్రం చప్పున నమ్మాడు.

"పట్టా భూమి తవ్వితే సర్కారు ఇయ్యాల్సిందే గద మేడమ్?"

"ఇస్తది పెద్దాయనా. గీత తగిలిన చెల్క మొత్తం తవ్వేదే. కాకపోతే రైతుకొక గుంట, అంటే ఎకరంల నలభయ్యో వంతు, మినహాయింపున్నది. యాడ తవ్వొద్దో చెప్తే అక్కడ ముట్టం. ఒక్క గుంటనే సుమా."

ఆ మాటతో ఊరంతా లెక్కల్లో పడింది. భిక్షం తన తండ్రి సమాధి వదలమన్నాడు. ఇంకొకరు బత్తాయి చెట్లన్నారు. మరొకరు పోచమ్మ రాయన్నారు. రమ అన్నీ ఓపికగా రాసుకుంది. భీమయ్య మాత్రం నలుగురిలో చెప్పకుండా, ఆమెను చెల్క దగ్గరికే తీసుకుపోయాడు.

"నీళ్లున్న బోరు గద, దీన్ని ఇడవమంటరా?" అడిగింది రమ గట్టు మీద నిలబడి.

"వద్దొద్దు. పైసలొస్తే ఇంకోటేసుకుంట."

"అదెవరి సమాధి?"

"మా అవ్వది. ఇంకోతాన కట్టిపిస్త. ఏం ఫికర్ లేదు."

పత్తి చేను దాటి ఆయన ఈశాన్యం మూలకు నడిచాడు. అక్కడ పంట లేదు, పందిరి లేదు. బండరాళ్ల కుప్ప, దాని చుట్టూ ఏపుగా పెరిగిన తంగేడు పొదలు. అంతే.

"గిదొక్కటి ఇడిసిపెట్టుండ్రి."

"ఇక్కడేమున్నది?"

"ఏం లేదు. పాతబావి ఉండె. ఎనకట పూడ్చిన."

"ఏం లేని జాగా ఎందుకు పెద్దాయనా? బోరు ఇడిపించుకోరాదు?"

"దేవుని జాగా మేడమ్. పార పెట్టొద్దు," అన్నాడు భీమయ్య. పూడ్చిన బావి అంతలోనే దేవుడి జాగా ఎట్లా అయిందో రమ అడగలేదు.

ఆమె నాలుగు మూలలా నాలుగు మేకులు కొట్టించింది. సాకిబ్ ఫోన్‌లో అంతా వీడియో తీశాడు. 'ఈ గుంట తవ్వరాదని నేనే కోరుతున్నాను' అనే ముక్కను భీమయ్య చేతనే రాయించి, కింద సంతకం పెట్టించుకుంది.

కాగితం సంచిలో పెట్టుకుంటుంటే ఆయన మెచ్చుకోలుగా నవ్వాడు. "ఎవలి బిడ్డవో గని శానా హుషారున్నవ్ మేడమ్."

రమ సంచి మూసి జీపెక్కింది.

ఊరు దాటాక సాకిబ్ బండి ఆపాడు. ఇంకా పొద్దుగూకలేదు. రమ ఫోన్ తీసి నంబరు నొక్కింది. అవతల ఒక ముసలి గొంతు పలికింది.

"అమ్మమ్మా, ఇగ పోలీసోళ్లకు జాగా చూపెట్టొచ్చు," అంది రమ. "అమ్మను యాడ పూడ్చిండో నాయిననే చెప్పిండు."