ఇద్దరు అసిరమ్మలు

“నా పెళ్ళాం వచ్చీదాకా ఒక్క సేప కూడా దిగదు! ఎవర్తివే నువ్వు? ఆ తట్ట ఇలాగియ్యి, అది మా అసిరిది!”

బోటు మీద నిలబడి ఎల్లాజీ అరుస్తుంటే ఒడ్డున జనం నోళ్ళు తెరిచారు. తెరవరూ మరి? ఆయన ఆ మాటన్నది అసిరమ్మతోనే. పాతికేళ్ళు కాపురం చేసిన పెళ్ళాంతోనే.

“మావా, నానే కదేటి! సరిగ్గా సూడు!” అసిరమ్మ మోకాలి లోతు నీళ్ళలోకి దిగింది.

“సూత్తన్నాను. అదే మొకం, అదే ముక్కుపుడక. కానీ నువ్వు అసిరివి కావు. నాకు తెలుస్తాది.” ఆయన సముద్రం వైపు తిరిగాడు. “నానే ఒడ్డు తప్పినాను. అసిరి ఉన్న ఒడ్డు ఎక్కడుందో ఎతుక్కుంటాను.”

అంటూ ఇంజను తాడు అందుకున్నాడు. చెవి వెనక నుంచి రక్తం మెడ మీదికి కారుతోంది.

“తెల్లారగట్ల వల లాగుతుంటే గెడకర్ర తిరగబడి తల మీద కొట్టినాది. ఏటీ కానేదన్నాడు,” అన్నాడు తోడు వెళ్ళిన ధనరాజు, బెదిరిపోతూ.

అసిరమ్మ తట్టను గుండెకు హత్తుకుంది. ఆ ఊళ్ళో వేట నుంచి వచ్చిన మగాడు చేపలు పెళ్ళాం తట్టలోనే పోస్తాడు. ఆమె చేతి తట్టలో పొయ్యనన్నాడంటే మనిషిని కాదన్నట్టే. అది పోతే పోనీ, పగిలిన తలతో మళ్ళీ సముద్రం మీదికి పోతానంటున్నాడే! పోతే తిరిగొస్తాడా?

మేనకోడలు అరుణశ్రీ ఇసకలో పరిగెత్తుకుంటూ వచ్చింది. శ్రీకాకుళంలో నర్సు ఆమె. “అంబులెన్సు వత్తంది. అందాకా మావయ్యని ఎల్లనివ్వకండి! ధనరాజన్నా, దెబ్బ తగిలాక అత్తతో ఫోన్లో ఏమైనా మాటాడినాడా?”

“ఓ! ఒడ్డు కనబడగానే రోజూలాగే ఫోను సేసి తట్ట తెమ్మన్నాడు. నవ్వుతానే మాటాడినాడు.”

అరుణశ్రీ కళ్ళు మెరిశాయి. “అదీ సంగతి! అత్తా, మొకం ఎవరిదో పోల్చుకోడం ఒకటి. సూడగానే మనసు ‘నా మనిషి’ అనడం ఇంకోటి. తలలో ఆ రెండిటికీ దారులు వేరు. మావయ్యకి కళ్ళ నుంచి మనసుకెళ్ళే దారి దెబ్బతిన్నట్టుంది. నువ్వు కంటికి కనబడితే నీ మాట కూడా నమ్మడు. సెవి దారి బాగానే ఉంది. ఆ బోటు ఎనక్కెళ్ళి ఫోను సెయ్యి, బేగి!”

అసిరమ్మ పక్క బోటు చాటుకు పరిగెత్తింది. ఎల్లాజీ జేబులో ఫోను మోగింది.

“ఒసే అసిరీ!” ఆ మొహం చూడాలి, అన్నం చూసిన ఆకలిగొన్నవాడిలా వెలిగిపోయింది. “ఎక్కడున్నావే? నానేటైపోనాననుకున్నావు?”

“ఒడ్డునే ఉన్నాను మావా. ఇంజను వదిలీ. కిందికి దిగు. తలకి కట్టు కట్టించుకో.”

“నువ్వు సెప్తే దిగనేటే!”

దిగాడు! జనం ఈలలు వేశారు. ధనరాజు ఇంజను తాడు విప్పేసి దాచేశాడు. అరుణశ్రీకి కాళ్ళు నేల మీద నిలవడం లేదు. “అత్తా, ఫోను పెట్టీకు! మాటాడతానే ఎదురుగా వచ్చీ. సెవీ కన్నూ కలిస్తే గుర్తొచ్చీగలదు!”

అసిరమ్మ ఫోను చెవికి ఆనించుకునే వచ్చింది. కళ్ళు ధారలు కడుతున్నాయి. రెండడుగుల దూరంలో ఆగింది. “నానే మావా. నీ అసిరిని.”

ఎల్లాజీ కదిలే ఆ పెదాల వంక చూశాడు. చెవిలో మాట విన్నాడు. మళ్ళీ చూశాడు. ఆయన కళ్ళలోనూ నీళ్ళు తిరిగాయి. అరుణశ్రీ అయితే గెలిచేశాననే అనుకుంది.

ఆయన పక్కకు తిరిగి, ఎదురుగా ఉన్న మనిషికి వినబడకూడదన్నట్టు ఫోనుకు చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు.

“అసిరీ, ఇక్కడెవురో పిచ్చితల్లి తనే నువ్వనుకుని ఒకటే ఏడుత్తన్నాదే. పాపం ఎవులూ లేనట్టున్నారు, మనింటికి తీసుకొచ్చీమంటావేటి?”