ఏడు గుక్కల నీళ్లు

అమీర్‌పేటలోని చిన్న హాల్లో అందర్నీ నవ్విస్తున్న మంజూష ఉన్నట్టుండి ఆగి, ఓ గుక్క నీళ్లు తాగింది.

"ఇక్కడో జోకు ఉందండీ. పర్మిషన్ ఇచ్చే ఆఫీసులో నా స్క్రిప్టులోంచి మొత్తం ఏడు జోకులు కొట్టేశారు. అవి వచ్చిన చోటల్లా నీళ్లు తాగుతాను, ఏమీ అనుకోకండి."

జనం ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. ముందు వరసలో ఒక్కరు మాత్రం కిసుక్కున నవ్వారు. ఆ జోకులు కొట్టేసిన ఆఫీసరు ధర్మయ్య! ఒక్కటి నోరుజారినా షో ఆపించేద్దామని స్వయంగా కాపలాకొచ్చాడు.

మూడో గుక్కకు కర్చీఫ్ నోటికి అడ్డం పెట్టుకున్నాడు. ఏడో గుక్కకు నవ్వు ఆపుకోలేక కళ్లు తుడుచుకున్నాడు. కొట్టేసేముందు వాటిని ఎన్నిసార్లు చదువుకున్నాడో మంజూషకు అప్పుడర్థమైంది.

షో కాగానే, గుక్కగుక్కకీ నవ్విన ఆయన్ని జనం చుట్టుముట్టారు. "సార్, ఆ జోకులు జర మాకు సుత చెప్పుండ్రి!"

"నన్నెందుకు? ఆమెనడుగుండ్రి."

"నేను చెప్పకూడదండీ, మీ ముందే సంతకం పెట్టాను కదా," అంది మంజూష బుద్ధిగా.

ధర్మయ్య తలుపువైపోసారి చూసి గొంతు తగ్గించాడు.

"ఎవ్వలకు చెప్పొద్దు మల్ల. మొదటిదేందంటే..."

"వెనకవాళ్లకి వినపడట్లేదు సార్," అంటూ మంజూష మైకు ఆయన చేతిలో పెట్టింది.