కదలని బల్లి

"ఏమ్మా, ఈ పన్నెండు ఫోటోలూ కలిపి ఒక్క పీడీఎఫ్ చేసిపెట్టు. నెలకో తనిఖీ," అన్నాడు బడి వంటగదిని చూసే ఇన్‌స్పెక్టరు, నా జిరాక్స్ షాపులో కూర్చుంటూ.

సాఫ్ట్‌వేర్‌లోకి ఎక్కించాను. పేజీలు వరసగా వచ్చాయి. ఏ పేజీలో చూసినా అన్నం గిన్నె పైన, గోడ మీద అదే బల్లి, అదే వంకర తోక. ఒక్కరోజే వెళ్లి ఫోటోలన్నీ తీసుకున్నాడన్నమాట. మళ్లీ ఆ గడప తొక్కిన పాపాన పోలేదు.

"ఏడాదంతా ఈ బల్లి కదల్లేదండీ!"

ఇకిలించాడు. "డేగ కళ్లమ్మా నీవి! దాన్ని చెరిపెయ్యి, గోడ శుభ్రంగా ఉంటుంది."

వాడి మొహాన ఉమ్మాలనిపించింది.

పన్నెండు పేజీల్లోనూ బల్లిని చెరిపి, ఫైలు పంపాను.

మర్నాటి నుంచి, ఆ బడిలోనే చదివే మా పాపకు మాత్రం ఇంటి నుంచే క్యారేజీ కట్టి పంపుతున్నాను.