పెచ్చులు

మా రెండేళ్ల పిల్ల రోజంతా వాగుతూనే ఉంటుంది. అయినా మాటలు సరిగా పలుకుతోందో లేదో చూపిద్దామని డాక్టరమ్మ దగ్గరికి తీసుకెళ్లాను.

ఆవిడ చెప్పుల బొమ్మ చూపించి, "ఇవేంటే బంగారం?" అంది.

"పెచ్చులు!"

డాక్టరమ్మ పైకప్పు వంక చూసి, "ఎక్కడ ఊడాయే?" అని పకపకా నవ్వింది. నాకూ నవ్వాగలేదు.

"పిల్లలు విన్నదే పట్టేస్తారమ్మా. ఇంట్లో మీరేమంటారు?"

"మేమూ పెచ్చులే అంటామమ్మా."

"ఇంక మానేయండి. మీరు చెప్పులంటే అదీ దిద్దుకుంటుంది."

"అదొక్కటే నావల్ల కాదమ్మా. ఆ మాట మా పెద్దాడిది. బడికెళ్తే దిద్దుకుంటాడులే అనుకున్నాం. బడిదాకా ఉండలేదు వాడు. ఇది పుట్టకముందే పోయాడు."

మేం బయల్దేరితే ఆవిడ గుమ్మందాకా వచ్చి, "ఏయ్ పిల్లా, పెచ్చులేసుకోకుండా పోతున్నావేం?" అంది.