ఎస్తేరమ్మ ఛాయ ఇడిసిన కథ

"ఆగు అత్తమ్మా! రోజొక గోలి ఎట్ల మింగుతున్నవ్?"

ఎస్తేరమ్మ నోట్లె ఏస్కోబోయిన తలనొప్పి గోలిని కోడలు సరిత టక్కున గుంజుకున్నది. సరిత వీపనగండ్లల ఆశా వర్కరు.

"ఇయ్యవే, తల పలుగుతున్నది! నలభై దినాల ఉపాసానికి ఛాయ తాగుడు ఇడిసిన. పొద్దుగాల గీ గోలి పడకుంటె లేవనే లేవను. రేపు ఈస్టరు, ఛాయ ఎట్ల ఇడిసిన్నో చర్చిల అందరి ముందల సాక్ష్యం చెప్పాలె."

ఇంట్లనైతే ఆ సాక్ష్యం ఎప్పుడో మొదలైంది. బీడీలు ఇడుస్తనని ఒట్టు పెట్టుకొని, మూడు దినాలకే ముట్టించిన మొగడు మాసయ్యను ఆమె దెప్పని పూట లేదు.

సరిత గోలీల అట్ట తిప్పి చదివింది. "గీ గోలీల కెఫిన్ ఉన్నది అత్తమ్మా. ఛాయల ఉండేది గూడ గదే. ఛాయ లేకనే నీ తల నొస్తున్నది, గోలీల గది దొరకంగనే తగ్గుతున్నది."

"అంటే, నేను ఛాయ ఇడువనే లేదా?"

"మొదటి దినం సంది మింగుతనే ఉన్నవ్."

అరుగు మీద మాసయ్య కిసుక్కున నవ్విండు. ఎస్తేరమ్మకు తిట్టు నోటిదాంక వచ్చి ఆగింది.

"నలభై దినాలు తాగితి, ఒక్కనాడన్న తియ్యగ లేకపాయె!"

మొగని దిక్కు తిరిగింది.

"రేపు సాక్ష్యం నువ్వే చెప్పయ్యా. మూడు దినాలన్న నిజంగ ఇడిసినవ్."